అడిగి పుచ్చుకొన్న దానం

పాఠ్యభాగ ఉద్దేశం

విజ్ఞానం ఎంత గొప్పదైనా దానికి మానవత్వం తోడు కావాలి. క్యాన్సర్ పరిశోధన కోసం మానవ కణజాలాన్ని సేకరించి భద్రపరిచే విధానాన్ని, ఆ విధానంలో రోగి సమ్మతికి గల స్థానాన్ని విద్యార్థులకు తెలియజేయడం ఈ పాఠం ఉద్దేశం.

పాఠ్యభాగం

దానగుణాన్ని కీర్తించడంలో భారతీయ సాహిత్యానికి సాటి లేదు. వృత్రాసుర సంహారానికి ఆయుధం కావలసివచ్చినప్పుడు దేవతలు దధీచి మహర్షి ఆశ్రమానికి వెళ్లి ఆయన ఎముకలను యాచించారు. లోకహితం కోసం ఆ మహర్షి దేహాన్ని త్యజించాడు. ఆ ఎముకలతోనే వజ్రాయుధం తయారైంది. కర్ణుని కథ మరింత లోతైనది. ఇంద్రుడు బ్రాహ్మణ వేషంలో వచ్చి సహజ కవచకుండలాలను అడుగుతాడని సూర్యుడు కలలో కనిపించి కర్ణుణ్ణి ముందే హెచ్చరించాడు. అడిగేవాడెవరో, ఇస్తే తనకు కలిగే ఆపద ఏమిటో తెలిసి కూడా కర్ణుడు ఇచ్చాడు. ఈ కథలు విన్నవారు దాతల గొప్పతనాన్ని మెచ్చుకొంటారు. అయితే వీటిలో గమనించదగిన విషయం ఇంకొకటి ఉంది. ఆ ఇద్దరినీ అడిగారు. ఇద్దరూ తెలిసి ఇచ్చారు. దేవతలకు రాజైన ఇంద్రుడు సైతం చేయి చాచి పుచ్చుకొన్నాడే గాని, చెప్పకుండా తీసుకుపోలేదు.

ఆధునిక వైద్యశాస్త్రం కూడా మానవదేహాన్ని యాచిస్తున్నది. క్యాన్సర్ ఎందుకు పుడుతుందో, ఏ మందుకు లొంగుతుందో తెలుసుకోవాలంటే ఆ వ్యాధి సోకిన శరీరభాగాన్నే పరిశీలించాలి. అందుకోసం రోగుల నుండి తీసిన కణజాలాన్ని, రక్తాన్ని సేకరించి భద్రపరిచే నిలయాలు ఏర్పడ్డాయి. వీటికి బయోబ్యాంకులని పేరు. ధనాన్ని దాచే బ్యాంకుకు నమ్మకం ఎంత అవసరమో, దేహాంశాన్ని దాచే ఈ బ్యాంకుకు అంతకంటె ఎక్కువ అవసరం. ఈ సత్యాన్ని లోకానికి తెలియజెప్పినది ఒక పేదరాలి కథ.

హెన్రియెట్టా లాక్స్ 1920 ఆగస్టు 1న అమెరికాలోని వర్జీనియా రాష్ట్రంలో ఒక నల్లజాతి కుటుంబంలో జన్మించింది. నాలుగేళ్ల వయసులో తల్లిని పోగొట్టుకొని, క్లోవర్ అనే పల్లెలో తాతగారి వద్ద పొగాకు చేలలో పనిచేస్తూ పెరిగింది. పెళ్లయిన కొంతకాలానికి బాల్టిమోర్ నగర ప్రాంతానికి చేరింది. 1951లో కడుపులో గడ్డ ఉన్నట్లు తోచి జాన్స్ హాప్కిన్స్ ఆసుపత్రికి వెళ్లింది. అప్పటికి ఆమె ఐదుగురు పిల్లల తల్లి. నల్లజాతి వారికి వేరే వార్డులు కేటాయించిన రోజులవి.

వైద్యులు పరీక్షించి గర్భాశయ ముఖద్వార క్యాన్సర్ అని నిర్ధారించారు. ఫిబ్రవరిలో రేడియం చికిత్స ప్రారంభించే సమయంలో, ఆమె మత్తులో ఉండగా, వైద్యుడు రెండు చిన్న ముక్కలు తీశాడు. ఒకటి కణితి నుండి, మరొకటి ఆరోగ్యంగా ఉన్న భాగం నుండి. చికిత్సకు ఆమె సమ్మతి పత్రం మీద సంతకం చేసింది. కాని పరిశోధన కోసం తీసిన ఈ ముక్కల సంగతి ఆమెతో ఎవరూ చెప్పలేదు.

ఆ ముక్కలు అదే ఆసుపత్రిలోని జార్జి గే అనే శాస్త్రవేత్త ప్రయోగశాలకు చేరాయి. మానవ కణాలను శరీరం వెలుపల బ్రతికించాలని ఆయన ఏళ్ల తరబడి శ్రమిస్తున్నాడు. తెచ్చిన కణాలు తెచ్చినట్లే చనిపోతున్నాయి. సహాయకురాలు మేరీ కుబిచెక్ ఈ ముక్కలను కూడా గాజు గొట్టాలలో ఉంచి, రోగి పేరులోని, ఇంటిపేరులోని తొలి అక్షరాలను కలిపి 'హీలా' అని వాటి మీద రాసింది. ఆరోగ్యకణాలు కొద్దిరోజులలో నశించాయి. కణితి కణాలు మాత్రం దాదాపు రోజుకొకసారి రెట్టింపవుతూ పెరిగాయి. శరీరం వెలుపల అంతం లేకుండా వృద్ధి చెందిన మొట్టమొదటి మానవ కణవంశం అదే. కణాలు బ్రతికాయి. కాని ఆ తల్లి 1951 అక్టోబరు 4న తన ముప్పై ఒకటవ ఏట కన్నుమూసింది. క్లోవర్‌లో ఆమెను ఖననం చేసిన చోట పేరు చెక్కిన రాయి కూడా లేకపోయింది.

హీలా కణాల వల్ల మానవాళికి కలిగిన మేలు అపారం. గే వాటిని అమ్ముకోలేదు. అడిగిన శాస్త్రవేత్తలకు ఉచితంగా పంపాడు. జోనస్ సాల్క్ రూపొందించిన పోలియో టీకాను పరీక్షించడానికి టస్కెగీ విద్యాసంస్థలో ఆ కణాలను పెద్ద ఎత్తున పెంచారు. 1980వ దశకంలో జర్మనీ శాస్త్రవేత్త హెరాల్డ్ జుర్ హౌసెన్ గర్భాశయ ముఖద్వార క్యాన్సర్‌కు హెచ్.పి.వి. అనే వైరస్ కారణమని నిరూపించాడు. ఆ వైరస్‌లోని 18వ రకం హీలా కణాలలో కూడా కనిపించింది. హెన్రియెట్టాను బలిగొన్న శత్రువు జాడ ఆమె కణాలలోనే దొరికిందన్నమాట. ఈ కృషికి జుర్ హౌసెన్ 2008లో నోబెల్ బహుమతిని పంచుకొన్నాడు. ఆ వైరస్‌ను నిరోధించే టీకాకు 2006లో అమెరికాలో అనుమతి లభించింది. భారతదేశంలో తయారైన టీకాకు 2022లో అనుమతి వచ్చింది.

ఇంతటి మేలుకు మూలమైన స్త్రీ పేరును పత్రికలు చాలాకాలం తప్పుగా రాశాయి. తల్లి కణాలు ప్రపంచమంతటా సజీవంగా ఉన్నాయన్న సంగతి ఆమె పిల్లలకు 1973 దాకా తెలియలేదు. ఆ కాలంలోనే పరిశోధకులు ఆ కుటుంబం వారి రక్తాన్ని సేకరించారు. అది తమకు క్యాన్సర్ ఉన్నదో లేదో చూసే పరీక్ష అని వారు భావించారు. కుమార్తె డెబోరా రోగభయంతో ఫలితం కోసం ఎదురుచూసింది. నిజానికి ఆ రక్తం తీసుకొన్నది హీలా కణాలపై సాగే పరిశోధన కోసం. హీలా కణాలను, వాటితో తయారైన సామగ్రిని అమ్మి సంస్థలు లాభాలు గడించగా, ఆ కుటుంబంలో కొందరికి వైద్యబీమా కూడా లేకపోయింది.

1951లో రోగిని అడిగి తీరాలన్న నిబంధన లేదని, మిగిలిన ముక్కను పరిశోధనకు పంపడం ఆనాటి ఆచారమని కొందరు అంటారు. అది వాస్తవమే. గే దురాశాపరుడు కాడు. అయినా ఆచారం ఉన్నంత మాత్రాన అన్యాయం న్యాయం కాజాలదు. ఆమెను అడిగి ఉంటే బహుశా ఇచ్చేదేమో. ఆ 'బహుశా'ను 'తప్పక' చేసుకొనే అవకాశాన్ని విజ్ఞానలోకం చేజేతులా పోగొట్టుకొన్నది.

దిద్దుబాటు ఆలస్యంగా జరిగింది. 2010లో రెబెకా స్క్లూట్ గ్రంథం హెన్రియెట్టా జీవితాన్ని అందరికీ తెలిపింది. అదే సంవత్సరం ఆమె జ్ఞాపకార్థం సమాధిరాయి వెలిసింది. 2013లో ఐరోపా శాస్త్రవేత్తలు హీలా కణాల జన్యుపటాన్ని కుటుంబాన్ని అడగకుండానే ప్రకటించారు. జన్యువులు ఒక్కరి సొత్తు కావు. తల్లి జన్యుపటం బయటపడితే పిల్లల, మనుమల రహస్యాలు కూడా కొంతమేరకు బయటపడతాయి. విమర్శలు రావడంతో శాస్త్రవేత్తలు దానిని ఉపసంహరించారు. ఆ ఏడాదే అమెరికా జాతీయ ఆరోగ్య సంస్థలు కుటుంబంతో ఒప్పందం చేసుకొన్నాయి. ఆ సమాచారాన్ని ఎవరికి ఇవ్వాలో పరిశీలించే సంఘంలో ఆ కుటుంబీకులకు స్థానం దక్కింది. 2021లో ప్రపంచ ఆరోగ్య సంస్థ హెన్రియెట్టాను మరణానంతరం గౌరవించింది. హీలా కణాలతో వ్యాపారం చేసిన ఒక సంస్థపై కుటుంబం 2021లో వేసిన దావా 2023లో రాజీతో ముగిసింది.

నేటి బయోబ్యాంకులు ఈ అనుభవం నుండి పాఠం నేర్చుకొన్నాయి. వాటి పని తీరు ఇలా ఉంటుంది. శస్త్రచికిత్సకు ముందే రోగితో మాట్లాడి సమ్మతి తీసుకొంటారు. తీసిన కణితి మొదట వ్యాధి నిర్ధారణ చేసే వైద్యునికి చేరుతుంది. వాడుకలో 'ముక్క పరీక్ష' అనే బయాప్సీ పరీక్షకు, చికిత్సా నిర్ణయానికి కావలసిన భాగం రోగికే చెందుతుంది. అందులో మిగిలినదే బయోబ్యాంకుకు వస్తుంది. రక్తప్రసారం ఆగిన క్షణం నుండి కణాలలో మార్పులు మొదలవుతాయి. కాబట్టి ఈ పని నిమిషాల లెక్కన జరగాలి. కొంత భాగాన్ని ఫార్మలిన్‌లో ఊరబెట్టి, పారఫిన్ మైనంలో అచ్చుపోసి ఉంచుతారు. ఇటువంటి దిమ్మెలు దశాబ్దాల పాటు నిలుస్తాయి. మరికొంత భాగాన్ని వెంటనే గడ్డకట్టించి, మైనస్ 80 డిగ్రీల సెల్సియస్ శీతలయంత్రంలోగాని, మైనస్ 196 డిగ్రీల ద్రవ నత్రజని సాయంతోగాని భద్రపరుస్తారు. పోల్చి చూడడానికి అదే రోగి రక్తాన్ని, వీలైతే ఆరోగ్యకణజాలాన్ని కూడా తీసుకొంటారు.

సీసా మీద రోగి పేరు ఉండదు. సంకేత సంఖ్య మాత్రమే ఉంటుంది. వయస్సు, వ్యాధి దశ, పొందిన చికిత్స, దాని ఫలితం మొదలైన వివరాలు ఆ సంఖ్యకు అనుసంధానమై వేరుగా భద్రంగా ఉంటాయి. ఈ వివరాలు లేని నమూనా, అట్ట ఊడిపోయి కర్త ఎవరో తెలియని తాళపత్ర గ్రంథం వంటిది. ఉన్నదన్న తృప్తే గాని, దానిని ఎక్కడ నిలపాలో తెలియదు. నమూనాలు కలగలిసినా ప్రమాదమే. వేరువేరు కణవంశాలనుకొన్నవి అనేకం నిజానికి హీలా కణాలేనని 1966లో స్టాన్లీ గార్ట్లర్ చూపినప్పుడు శాస్త్రలోకం నివ్వెరపోయింది.

భారతదేశంలో మద్రాసు ఐ.ఐ.టి.లో జాతీయ క్యాన్సర్ కణజాల బయోబ్యాంకు ఉన్నది. ఆ విద్యాసంస్థ 480 మంది రొమ్ము క్యాన్సర్ రోగుల నమూనాలను పరిశీలించి, 2025లో భారతీయుల క్యాన్సర్ జన్యు సమాచార నిధిని విడుదల చేసింది. పరదేశీయుల నమూనాలపై జరిగిన పరిశోధన ఇక్కడి రోగులకు పూర్తిగా వర్తించకపోవచ్చు. కనుక ఈ నేల మీది రోగులు ఇచ్చే నమూనా ఈ నేల మీది రోగులకే అత్యంత ఉపయోగకరం.

భారతీయ వైద్య పరిశోధన మండలి 2017లో ప్రకటించిన నైతిక మార్గదర్శకాల ప్రకారం, నమూనా దాతదే. బయోబ్యాంకు దానికి సంరక్షకురాలు మాత్రమే. దాతకు అర్థమయ్యే భాషలో వివరించి సమ్మతి పొందాలి. చదువురాని వారైతే తటస్థుడైన సాక్షి ఎదుట వేలిముద్ర తీసుకోవాలి. పిల్లల విషయంలో తల్లిదండ్రుల సమ్మతి ఉండాలి. 12 నుండి 18 ఏళ్ల వయసు వారి లిఖితపూర్వక అంగీకారం కూడా ఉండాలి. శస్త్రచికిత్సకు ఇచ్చే సంతకం వేరు, పరిశోధనకు ఇచ్చే సంతకం వేరు. రెండవదానికి ఒప్పుకోకపోయినా వైద్యంలో లోటు జరగరాదు. ఒప్పుకొన్న తరువాత మనసు మార్చుకొనే హక్కు కూడా దాతకు ఉంది.

తెలుగు నాట ఎన్నో ఇండ్లలో ఆసుపత్రి కాగితాలను అమ్మమ్మకో, తాతయ్యకో చదివి వినిపించే బాధ్యత కళాశాలలో చదువుకొంటున్న పిల్లలదే. కంగారులో 'ఇక్కడ వేలిముద్ర వెయ్యి' అని చూపడం తేలిక. ముక్క ఎందుకు తీస్తున్నారు, ఎక్కడ దాస్తారు, వద్దంటే ఏమవుతుంది అని అడిగి, జవాబును ఆ పెద్దలకు వారి మాటల్లో చెప్పడం కష్టం. కాని ఆ కాస్త కష్టమే ఆ వేలిముద్రకు విలువను ఇస్తుంది. అంతా విన్న అమ్మమ్మ 'నాలాంటి వాళ్లకు పనికొస్తుందంటే తీసుకోమను' అని వేలు ముందుకు చాస్తే, అది కర్ణుని దానానికి ఏ మాత్రం తీసిపోదు. 'నాకు భయం, వద్దు' అంటే, ఆ మాటనూ అంతే గౌరవంతో మన్నించాలి. హెన్రియెట్టా లాక్స్‌కు ఆ రెండు మాటలలో ఏ ఒక్కటీ చెప్పే అవకాశం రాలేదు.

పదాలు – అర్థాలు

కణజాలం : ఒకే రకమైన కణాల సముదాయం
కణవంశం : ఒక మూలం నుండి ప్రయోగశాలలో తరతరాలుగా పెరిగే కణాలు
కణితి : శరీరంలో పెరిగే గడ్డ
ఖననం : పూడ్చిపెట్టడం
తటస్థుడు : ఏ పక్షమూ వహించనివాడు
నివ్వెరపోవు : ఆశ్చర్యంతో నిశ్చేష్టుడగు

వ్యాకరణాంశాలు

మొట్టమొదటి : మొదటి + మొదటి – ద్విరుక్తటకారాదేశ సంధి
అత్యంత : అతి + అంత – యణాదేశ సంధి
మరణానంతరం : మరణ + అనంతరం – సవర్ణదీర్ఘ సంధి
లోకహితం : లోకమునకు హితం – చతుర్థీ తత్పురుష సమాసం
రోగభయం : రోగము వలన భయం – పంచమీ తత్పురుష సమాసం
కవచకుండలాలు : కవచమును, కుండలములును – ద్వంద్వ సమాసం

అభ్యాసం

అ. వ్యాసరూప సమాధాన ప్రశ్నలు
1. హీలా కణాల వృత్తాంతాన్ని వివరించి, అందులో జరిగిన మేలును, అన్యాయాన్ని చర్చించండి.
2. బయోబ్యాంకులో కణజాలాన్ని సేకరించి భద్రపరిచే విధానాన్ని తెలపండి.

ఆ. సంగ్రహ సమాధాన ప్రశ్నలు
1. దధీచి, కర్ణుల కథలను ఈ పాఠంలో ఎందుకు ప్రస్తావించారు?
2. ఒకరి జన్యుపటాన్ని ప్రకటించడం వల్ల వారి కుటుంబానికి కలిగే ఇబ్బంది ఏమిటి?

ఇ. ఏకవాక్య సమాధాన ప్రశ్నలు
1. 'హీలా' అనే పేరు ఎలా ఏర్పడింది?
2. ద్రవ నత్రజని ఉష్ణోగ్రత ఎంత?