ఆట, ఆరోగ్యం, వార్తల కొలువు: మీ ప్రశ్నలు – జవాబులు

ఈసారి వచ్చిన ఉత్తరాల్లో ఆటలాడే అమ్మాయిలవీ, వాళ్ల తల్లులవీ, వార్తలు రాసే అమ్మాయిలవీ ఎక్కువ. ఎవరి ఉత్తరమో పోల్చుకునే వీలు లేకుండా కొన్ని వివరాలు తీసేశాం. మందుల గురించి ఇక్కడ రాసింది దారి చూపడానికే. పరీక్ష చేసి చెప్పాల్సింది మీ డాక్టరే.

ప్రశ్న: మా అమ్మాయికి పదహారేళ్లు. స్పోర్ట్స్ హాస్టల్లో ఉండి 800 మీటర్లు పరిగెడుతుంది. అయిదు నెలలుగా నెలసరి రాలేదు. కోచ్ గారిని అడిగితే "బాగా పరిగెత్తే పిల్లలకి అంతేనమ్మా, ట్రైనింగ్ ఒంటికి పడుతోందని లెక్క" అన్నారు. ఈమధ్య మోకాలి కింద ఎముక నొప్పి అంటోంది. మా అత్తగారేమో ఆట మాన్పించి ఇంటికి తెచ్చేయమంటున్నారు. నాకేం తోచడం లేదు. – ఒక తల్లి, విజయనగరం జిల్లా

జవాబు: కోచ్ గారు చెప్పింది పాతకాలం మాటమ్మా. పరిగెత్తే పిల్లల్లో నెలసరి ఆగిపోవడం తరచూ కనిపిస్తుంది. అంతమాత్రాన అది మంచిదైపోదు. వరుసగా మూడు నెలలు రాకపోతేనే డాక్టరుకు చూపించాలంటారు, మీకు అయిదయ్యాయి. ఈ వారమే గైనకాలజిస్టు దగ్గరకు తీసుకెళ్లండి.

ఆటలాడే పిల్లల్లో దీనికి మూలం చాలాసార్లు తిండి దగ్గరే దొరుకుతుంది. పిల్ల ఖర్చుపెడుతున్న శక్తికి తగ్గట్టు తినకపోతే, మెదడు ముందు ప్రాణం నిలబెట్టే పనులు చూసుకుంటుంది. అండాశయాలకు పంపే సంకేతాలు తగ్గించేస్తుంది. దాంతో ఈస్ట్రోజెన్ పడిపోతుంది, ఎముక గట్టిపడడం మందగిస్తుంది. మన ఎముకలు చాలామటుకు ఇరవయ్యేళ్లు వచ్చేలోపే బలం కూడబెట్టుకుంటాయి. ఈ వయసులో పోయింది తర్వాత పూర్తిగా రాకపోవచ్చు. అంతర్జాతీయ ఒలింపిక్ కమిటీ నిపుణులు 2014లో ఈ స్థితికి 'రెడ్-ఎస్' అని పేరు పెట్టారు. మగపిల్లలకూ వస్తుంది. ఆడపిల్లల్లో నెలసరి ఆగి ముందే హెచ్చరిస్తుంది, ఆ హెచ్చరికనే మనం "మామూలే" అని కొట్టిపారేస్తున్నాం.

ఇక కాలి నొప్పి. ఎముక మీద ఒక్కచోట వేలితో నొక్కితే విలవిల్లాడుతోందా? ఆ కాలి మీద గెంతితే నొప్పి పెరుగుతోందా? అయితే ఎముక సన్నగా చిట్లి ఉండొచ్చు. దీన్ని స్ట్రెస్ ఫ్రాక్చర్ అంటారు. మొదటి వారాల్లో ఎక్స్‌రేలో కనిపించకపోవచ్చు, ఎమ్మారై తీయాల్సి రావచ్చు. సంగతి తేలేదాకా పరుగు ఆపాలి. నొప్పి మాత్ర వేసి గ్రౌండులోకి దింపడం మాత్రం వద్దే వద్దు.

గైనకాలజిస్టు థైరాయిడ్, ప్రొలాక్టిన్ పరీక్షలు, పీసీఓఎస్ కోసం స్కానింగు రాయొచ్చు. గర్భ పరీక్ష కూడా రాస్తారు. నెలసరి ఆగిందని ఎవరు వెళ్లినా రాసే పరీక్ష అది, మీ పిల్లని అనుమానించి కాదు. ఆ చీటీ చూసి ఇంట్లో గొడవలు పెట్టుకోకండి. ఇంకో మాట. హార్మోన్ మాత్రలిచ్చి రక్తస్రావం తెప్పిస్తే పని అయిపోయిందనుకోవద్దు. మాత్రల వల్ల వచ్చే రక్తస్రావం చూసి అందరూ నిశ్చింతగా ఉంటారు, లోపల తిండి లోటు అలాగే ఉంటుంది, ఎముకకు ఒరిగేదేమీ ఉండదు.

పిల్లని కూర్చోబెట్టి మెల్లగా అడగండి. తెల్లారుజామున ఖాళీ కడుపుతో గ్రౌండుకు వెళ్తోందా? ప్రాక్టీసు నుంచి వచ్చేసరికి టిఫిన్ అయిపోతోందా? బరువు తగ్గితే టైమింగ్ మెరుగవుతుందని ఎవరైనా చెబితే అన్నం మానేసిందా? వెళ్లేముందు ఒక అరటిపండో, రెండు ఖర్జూరాలో. వచ్చిన అరగంటలోపు పాలు, గుడ్లు, పల్లీ చిక్కీ. మధ్యాహ్నం, రాత్రి కడుపునిండా అన్నం, పప్పు, పెరుగు. హాస్టల్లో ఇది కుదరకపోతే డాక్టరు చేత చీటీ మీద రాయించి వార్డెన్‌కివ్వండి. నోటిమాట కంటే కాగితానికి విలువెక్కువ.

అత్తగారికి చెప్పండి, ఆట మాన్పించక్కర్లేదని. కారణం తిండి లోటే అయితే, తిండి పెరిగి, శిక్షణ కొన్నాళ్లు తగ్గితే చాలామందికి నెలసరి తిరిగి వస్తుంది. కొందరికి నెలలు పడుతుంది. ఆ ఒక్క సీజను పోతే పోనివ్వండి.

ప్రశ్న: యూనివర్సిటీ టోర్నమెంట్ సరిగ్గా నా డేట్ మీద పడింది. మా జట్టుది తెల్ల షార్ట్స్. రూమ్మేట్ నెలసరి వాయిదా వేసే మాత్రలు ఇస్తానంటోంది. వేసుకోవచ్చా? – హ్యాండ్‌బాల్ క్రీడాకారిణి, హనుమకొండ

జవాబు: రూమ్మేట్ మాత్రలు వద్దు. ఆ మందు రాసేముందు మీకుగానీ, మీ ఇంట్లోవాళ్లకుగానీ రక్తం గడ్డకట్టే జబ్బు ఉందేమో, మీకు లివర్ సమస్య, మైగ్రేన్ ఉన్నాయేమో డాక్టరు కనుక్కోవాలి. పైగా మొదటిసారి వేసుకోవడం టోర్నమెంటులోనే అయితే ఒళ్లు ఎలా స్పందిస్తుందో మీకే తెలియదు. కడుపునొప్పి భరించలేనంతగా ఉంటే దానికి మందు అడగండి. మీరు క్రీడాకారిణి అని ముందే చెబితే, డోపింగ్ నిషేధిత జాబితాలో లేని మందు చూసి రాస్తారు.

షార్ట్స్ సంగతి మీ కెప్టెన్, మీరు కలిసి మేనేజర్‌తో మాట్లాడండి. తెల్ల బట్టలు తప్ప ఒప్పుకోని వింబుల్డన్ కూడా 2023 నుంచి అమ్మాయిలను లోపల ముదురు రంగు షార్ట్స్ వేసుకోనిస్తోంది. మీ టోర్నమెంటువాళ్లు అంతకంటే పట్టుదలకు పోరు. చెప్పుకోవడానికి సిగ్గుపడాల్సిందీ లేదు. 2016 రియో ఒలింపిక్స్‌లో చైనా ఈతగత్తె ఫూ యువాన్‌హుయ్ రిలే అయిపోగానే టీవీ కెమెరా ముందే నెలసరి సంగతి చెప్పింది. 2024 పారిస్ ఒలింపిక్స్‌లో ఒక్క కిలో తేడాతో పతకం చేజారి నాలుగో స్థానంలో నిలిచిన వెయిట్‌లిఫ్టర్ మీరాబాయి చాను, ఆ రోజు తనకు నెలసరి మూడో రోజని విలేకరులతో అంది. అది సాకు కాదు, ఆ రోజు ఒంటి పరిస్థితి.

ప్రశ్న: కబడ్డీ ఆడతాను. రెండు రైడ్లకే ఆయాసం వస్తోంది. హిమోగ్లోబిన్ 9.2 అన్నారు. అమ్మ రోజూ బీట్‌రూట్ రసం ఇస్తోంది. చాలదా? – డిగ్రీ విద్యార్థిని, నల్లగొండ

జవాబు: చాలదమ్మా. బీట్‌రూట్ రంగు చూసి మోసపోకండి, అందులో ఇనుము అంతగా ఉండదు. గర్భిణి కాని స్త్రీకి హిమోగ్లోబిన్ 12 ఉండాలి. దేశంలో 15–49 ఏళ్ల ఆడవాళ్లలో 57 శాతం మందికి రక్తహీనత ఉందని 2019–21 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే తేల్చింది. అందరిలో ఉంది కదా అని వదిలేస్తే మీ ఆటే దెబ్బతింటుంది.

డాక్టరు రాసిన ఐరన్ మాత్రను నిమ్మరసంతోనో, జామకాయ తినో వేసుకోండి. టీ, కాఫీ, పాలు దానికి దగ్గర్లో తీసుకోవద్దు. విరేచనం నల్లగా అవుతుంది, భయపడొద్దు. మాంసం, లివర్ తినేవాళ్లైతే ఇంకా మంచిది. కారణం కూడా వెతకాలి. నెలసరిలో రక్తం ఎక్కువ పోతోందా? ఉత్తకాళ్లతో మట్టి కోర్టులో ఆడేవాళ్లకు పాదాల గుండా కొంకిపురుగులు ఎక్కుతాయి, అవి పేగుల్లో చేరి రక్తం పీలుస్తాయి. నులిపురుగుల మందు గురించి డాక్టరును అడగండి. హిమోగ్లోబిన్ పెరిగాక కూడా మూడు నెలల పాటు మాత్రలు సాగాలి. అందరూ మధ్యలో ఆపేసేది అక్కడే.

ప్రశ్న: నేను వ్యాయామ ఉపాధ్యాయురాలిని, వాలీబాల్ ఆడేదాన్ని. బాబుకి అయిదో నెల, మామూలు కాన్పే. మళ్లీ ఆట మొదలుపెడితే గెంతినప్పుడల్లా మూత్రం చుక్కలు పడుతున్నాయి. అత్తయ్య గారు "బాలింత గెంతితే పాలు చెడిపోతాయి" అంటున్నారు. – గుంటూరు

జవాబు: పాలు చెడిపోవు. అయితే ఒళ్లు ఇంకా సిద్ధంగా లేదని ఆ చుక్కలే చెబుతున్నాయి. కాన్పుతో కటి కింది కండరాలు సాగి వదులవుతాయి. మూత్రం, గ్యాస్ రెండూ ఒక్కసారే ఆపుకుంటున్నట్టు ఆ కండరాలను పైకి బిగించండి, పది లెక్కపెట్టి వదలండి. ఇలా పదిసార్లు, రోజుకు మూడు పూటలు. ఊపిరి బిగబట్టొద్దు, మూత్రం పోసేటప్పుడు చేయొద్దు. మూడు నెలలు పట్టుదలగా చేస్తే చాలామందికి తేడా తెలుస్తుంది. ఈలోగా నడక, మెట్లు, తేలికపాటి బరువులు చాలు. గెంతులు తర్వాత. కింద బరువుగా ఏదో జారుతున్నట్టుంటే ఆగకుండా గైనకాలజిస్టును కలవండి. స్త్రీల సమస్యలు చూసే ఫిజియోథెరపిస్టు మీ ఊళ్లో దొరికితే ఇంకా మేలు.

పథ్యం పేరుతో నీళ్లు, కూరలు తగ్గించి ఉంటే అది మాత్రం మానేయండి. పాలిచ్చే తల్లికి ఆకలి, దాహం రెండూ ఎక్కువే. అత్తయ్య గారితో వాదించే బదులు ఈసారి డాక్టరు దగ్గరకు వెంటబెట్టుకుని వెళ్లండి. పాలు చెడిపోవన్న మాట డాక్టరు నోట వింటే ఆవిడకూ నమ్మకం కుదురుతుంది. టెన్నిస్ క్రీడాకారిణి సానియా మీర్జాకు 2018 అక్టోబరులో బాబు పుట్టాడు. మళ్లీ కోర్టులోకి దిగి హోబర్ట్‌లో డబుల్స్ టైటిల్ గెలిచింది 2020 జనవరిలో. ఆమెకే ఏడాది పైన పట్టింది, మీకేం తొందర?

ప్రశ్న: నేనొక పత్రికకు మండల కంట్రిబ్యూటర్‌ని. జీతం లేదు, అచ్చయిన లైన్లను బట్టి డబ్బిచ్చే లైన్ అకౌంటే. మా ఇన్‌చార్జి రాత్రి పదకొండు దాటాక మెసేజ్‌లు పెడతాడు, ఫొటోలు పంపమంటాడు. ఒప్పుకోకపోతే నా వార్తలు వాడడం మానేశాడు. ఫిర్యాదు చేద్దామంటే "నువ్వు మా ఉద్యోగివే కాదు, ఎవరికి చెప్పుకుంటావు?" అని నవ్వాడు. – పేరు రాయలేను

జవాబు: ఆయన నవ్వుకు చట్టం ఒప్పుకోదు. పనిచోట లైంగిక వేధింపులపై 2013లో వచ్చిన చట్టం 'ఉద్యోగి' అంటే రెగ్యులర్, తాత్కాలిక, కాంట్రాక్టు, దినసరి అందరినీ కలిపే చెబుతుంది. జీతం లేకుండా పనిచేసినా సరే. పని మీద మీరు వెళ్లే ప్రతిచోటూ పనిచోటే.

ముందుగా ఒక్క మెసేజ్ కూడా చెరపకండి. తేదీ, సమయం కనిపించేలా స్క్రీన్‌షాట్లు తీసి నమ్మకమైన ఒకరికి పంపండి. వార్తలు ఎప్పటి నుంచి ఆగాయో, అంతకుముందు నెలకు ఎన్ని వచ్చేవో కాగితం మీద పెట్టండి. కక్ష సాధించాడనడానికి అదే సాక్ష్యం.

పదిమంది, అంతకు మించి పనిచేసే సంస్థలో అంతర్గత కమిటీ ఉండి తీరాలి. దానికి మహిళే అధ్యక్షురాలు, సభ్యుల్లో సగానికి తగ్గకుండా మహిళలు, బయటి సభ్యులు ఒకరు ఉండాలి. పత్రిక ప్రధాన కార్యాలయానికి రాసి కమిటీ వివరాలు అడగండి. ఫిర్యాదు యజమాని మీదే అయినా, సంస్థలో పదిమంది లేకపోయినా జిల్లాలోని స్థానిక కమిటీకి ఇవ్వొచ్చు. కలెక్టరేటులో గానీ, స్త్రీ శిశు సంక్షేమ శాఖలో గానీ వివరాలు చెబుతారు. చివరి సంఘటన జరిగిన మూడు నెలల్లోపు రాతపూర్వకంగా ఇవ్వాలి. తగిన కారణం చూపితే మరో మూడు నెలలు గడువిస్తారు. విచారణ 90 రోజుల్లో ముగించాలి. మీ పేరు బయటపెట్టడం చట్టరీత్యా తప్పు. పోలీసులకు వెళ్లే దారి కూడా మీకు తెరిచే ఉంది. ఎక్కడ మొదలుపెట్టాలో తెలియకపోతే 181కి ఫోన్ చేయండి.

ఆటల అమ్మాయిలూ ఇది చదవాలి. ఇదే చట్టం స్టేడియం, క్రీడా సంస్థ, పోటీ జరిగే చోటు, అన్నిటినీ పనిచోటుగానే లెక్కిస్తుంది. బాధితురాలికి పద్దెనిమిదేళ్లు నిండకపోతే పోక్సో చట్టం వర్తిస్తుంది. పిల్లల హెల్ప్‌లైన్ 1098.

ప్రశ్న: స్పోర్ట్స్ డెస్క్‌లో సబ్ ఎడిటర్‌ని. ఉప్పల్ స్టేడియంలో క్రికెట్ మ్యాచ్ అంటే మగవాళ్లనే పంపుతారు. "రాత్రి ఆలస్యమవుతుంది, నీ మంచికే" అంటారు. నాకు మాత్రం క్రీడాకారిణుల పెళ్లి కబుర్లు, వంటింటి ముచ్చట్లు అప్పజెబుతారు. – హైదరాబాద్

జవాబు: మీ మంచి కోరేవాళ్లు ఇంటికి కారు ఏర్పాటు చేస్తారు, పని తీసేయరు. ఈ మాటే కాస్త మర్యాదగా మెయిల్ పెట్టండి. వచ్చే సీజన్ మ్యాచ్‌ల పట్టిక ముందు పెట్టుకుని, ఏ మూడు మ్యాచ్‌లు మీరు చేస్తారో, అక్రిడిటేషన్‌కు పేరు ఎప్పటిలోగా పంపాలో, తిరిగి వచ్చే ఏర్పాటు ఏమిటో రాయండి. "నాకు అవకాశం ఇవ్వడం లేదు" అంటే నవ్వి ఊరుకుంటారు. తేదీలతో అడిగితే జవాబు చెప్పక తప్పదు.

ఇది మీ ఒక్కరి గొడవ కాదు. అమెరికాలో స్పోర్ట్స్ ఇలస్ట్రేటెడ్ విలేకరి మెలిస్సా లుడ్కీని 1977 బేస్‌బాల్ వరల్డ్ సిరీస్‌లో ఆటగాళ్ల గదిలోకి రానివ్వలేదు. మగ విలేకరులు అక్కడే మాటలు సేకరించుకుంటుంటే ఆమె బయట నిలబడాల్సి వచ్చింది. ఆటగాళ్లు బట్టలు మార్చుకుంటారనేది వాళ్ల సాకు. 1978లో న్యాయమూర్తి కాన్‌స్టన్స్ బేకర్ మోట్లీ దాన్ని ఒప్పుకోలేదు. ఒక తెరో, తువ్వాలో ఉంటే తీరే ఇబ్బందికి ఆడవాళ్ల వృత్తిని అడ్డుకోవడం కుదరదని తేల్చారు.

ఇక మీకు అప్పజెప్పే ఇంటి కబుర్లు. ఇంటర్వ్యూ మానకండి, ప్రశ్నలు మార్చండి. 2017 మహిళల క్రికెట్ ప్రపంచ కప్ ముందు ఒక విలేకరి భారత కెప్టెన్ మిథాలీ రాజ్‌ను, మీకిష్టమైన పురుష క్రికెటర్ ఎవరని అడిగాడు. ఇదే ప్రశ్న మగ క్రికెటర్లను అడుగుతారా, వాళ్లకిష్టమైన మహిళా క్రికెటర్ ఎవరని, అని ఆమె ఎదురడిగింది. 2025 నవంబరులో మహిళల ప్రపంచ కప్ గెలిచిన భారత జట్టులో కడప జిల్లా అమ్మాయి, స్పిన్నర్ శ్రీచరణి ఉంది. అలాంటి ఆటగత్తె ఎదురైతే పెళ్లెప్పుడని కాకుండా, కుడిచేతి బ్యాటర్‌కు బంతి ఎక్కడ వేస్తుందో, మంచు పడి బంతి జారుతుంటే పట్టు ఎలా మారుస్తుందో అడగండి. గాయమైతే ఫిజియో ఉన్నారా, జీతమెంత, ప్రాక్టీసుకు గ్రౌండు ఏ వేళకిస్తున్నారు, అక్కడ ఆడవాళ్లకు మరుగుదొడ్డి ఉందా? వీటిలో ప్రతిదీ ఒక వార్తే. పైన ఉత్తరాల్లోని నలుగురు ఆటల ఆడవాళ్ల ఇబ్బందులు ఏ స్పోర్ట్స్ పేజీలోనైనా ఎప్పుడు చూశారు? మీ పేజీలో మీరు మొదలుపెట్టండి.