ఒక్క గెలుపు

మనుష్యుడు గుఱ్ఱపుస్వారి నేర్చిన నాటినుండియు పందెములు వేయుచునే యున్నాడు. మోటారు కారు పుట్టిన పిమ్మట ఆ వేడుక కార్లకును ప్రాకినది. కార్ల పందెములలో పెక్కు రకములు కలవు. కొన్నింటికి ప్రత్యేకముగా నిర్మించిన కార్లే కావలెను. అమెరికా దేశమున మిక్కిలి జనాదరణ పొందిన స్టాక్ కారు పందెము మొదట అట్టిది కాదు. అంగడిలో అమ్మకమునకు నిలువయుంచిన కారును స్టాక్ కారు అందురు. సామాన్య జనులు కొని వాడుకొను కార్లవంటి వానినే బలపరచి, అండాకారముగ నున్న బాటపై వందలకొలది చుట్లు తిప్పుట ఈ పందెములలోని విశేషము. తొలినాళ్లలో ఈ బాటలు చాలవరకు మట్టిబాటలే. వీనిని క్రమముగా నడుపుటకై 1948వ సంవత్సరమున ఫ్లారిడా రాష్ట్రమందలి డేటోనా బీచి పట్టణమున నాస్కార్ అను సంస్థ ఏర్పడెను.

ఈ సంస్థవారి ప్రధాన శ్రేణి పందెములలో గెలిచిన మొట్టమొదటి నల్లజాతి డ్రైవరు వెండెల్ స్కాట్. అతడు ఆ శ్రేణిలో 495 పందెములందు పాల్గొని ఒక్కటి మాత్రమే గెలిచెను. ఆ యొక్క గెలుపును గూడ జనుల యెదుట అతనికి దక్కనీయలేదు. అట్లయ్యును, పెక్కు విజయములు గల వీరుల సరసన నేడు అతని పేరు నిలిచియున్నది. అందులకు కారణమేమో అతని చరిత్రము తెలుపును.

వెండెల్ స్కాట్ 1921వ సంవత్సరము ఆగస్టు 29వ తేదీన వర్జీనియా రాష్ట్రమందలి డాన్‌విల్ పట్టణమున జన్మించెను. ఆ పట్టణమునకు నూలుమిల్లులును, పొగాకు కర్మాగారములును జీవనాధారములు. అతని తండ్రి కార్లు తోలుటయందును, బాగుచేయుటయందును నేర్పరి. ఆ విద్య కుమారునకును అబ్బెను. మిల్లులో చేరి ఒకరి యదుపాజ్ఞలలో బ్రదుకుట స్కాట్‌నకు ఇష్టము లేకపోయెను. అతడు చదువు నడుమనే మానివేసి టాక్సీ తోలెను. రెండవ ప్రపంచ యుద్ధ కాలమున సైన్యమున చేరి ఐరోపా ఖండమున పనిచేసెను. యుద్ధానంతరము స్వగ్రామమునకు తిరిగివచ్చి, కార్లు మరమ్మతు చేయు షెడ్డు పెట్టుకొనెను.

ఆ కాలమున అమెరికా దక్షిణ రాష్ట్రములలో నల్లజాతివారి స్థితి మిగుల దయనీయముగ నుండెను. బడులు వేరు, బస్సులలో కూర్చుండు చోట్లు వేరు, భోజనశాలలు వేరు. పందెములు చూడబోయినను నల్లజాతివారు విడిగా కూర్చుండవలసినదే. సైన్యమున సహితము వారి దళములు వేరుగానే యుండెను. దేశము కొఱకు యుద్ధమునకు పోయి వచ్చిన వానికి దేశములో ఒక హోటలు గది దొరకదు. స్కాట్ పెరిగిన లోకము అట్టిది.

షెడ్డుపై వచ్చు రాబడి సంసారమునకు చాలినది కాదు. అందుచే అతడు దొంగసారాను రాత్రివేళ కారులో చేరవేయు పనికిని పూనుకొనెను. ఇది చట్టవిరుద్ధమైన పని. దీనిని మెచ్చుకొనుటకు వీలులేదు. అయినను స్టాక్ కారు పందెముల పుట్టుకకును ఈ దొంగవ్యాపారమునకును సంబంధము కలదు. పోలీసులకు చిక్కకుండ కొండదారులలో కార్లు తోలిన వారే తొలినాటి పందెగాండ్రలో పలువురు. స్కాట్ 1949లో ఒక్కసారి మాత్రమే పట్టుబడెను. న్యాయస్థానమువారు అతనిని జైలునకు పంపక, సత్ప్రవర్తనకై గడువు విధించి విడిచిపుచ్చిరి.

చిత్రమేమనగా, ఆ పోలీసులే అతనిని పందెముల లోనికి పంపిరి. 1952లో డాన్‌విల్‌లో పందెములు నడుపువారు, జనమును ఆకర్షించుటకు ఒక నల్లజాతి డ్రైవరు కావలెనని వెదకిరి. పట్టణమున కారు వేగముగా తోలగల నల్లజాతివాడెవడని పోలీసుల నడిగిరి. వారు తడువుకొనక స్కాట్ పేరు చెప్పిరి. మే నెలలో అతడు మొదటిసారి పందెపు బాట నెక్కెను. ప్రేక్షకులలో కొందరు అతనిని ఎగతాళి చేసి కేకలు వేసిరి. పందెము ముగియకమునుపే కారు చెడిపోయెను. మరునాడు కారును కట్టి లాగుకొనుచు విన్‌స్టన్-సేలం పట్టణమునకు పోగా, అచ్చటి నాస్కార్ అధికారులు నల్లజాతివానికి తావులేదని త్రిప్పిపంపిరి. అతడు నిరాశ చెందలేదు. తన్ను రానిచ్చిన చిన్న పందెములలో పాల్గొనుచు, కొలది దినములకే లించ్‌బర్గు పట్టణమున తొలి విజయము పొందెను. అతని నేర్పును, ఓర్పును చూచి, కేకలు వేసిన వారిలో కొందరు క్రమముగా అతని పక్షము వహించిరి.

కొంతకాలమునకు రిచ్మండు పట్టణమున ఒక నాస్కార్ అధికారి అతనికి లైసెన్సు ఇచ్చెను. నాస్కార్ లైసెన్సు పొందిన మొదటి నల్లజాతివాడు అతడే. 1959లో అతడు వర్జీనియా రాష్ట్రస్థాయి స్పోర్ట్స్‌మన్ శ్రేణిలో విజేతయై పేరుగాంచెను. 1961వ సంవత్సరము మార్చి 4వ తేదీన దక్షిణ కరోలినా రాష్ట్రమందలి స్పార్టన్‌బర్గ్‌లో గ్రాండ్ నేషనల్ అను ప్రధాన శ్రేణిలో ప్రవేశించెను. అప్పటికి అతనికి 39 ఏండ్లు.

ప్రధాన శ్రేణిలో పందెములు చేయుట ధనముతో కూడిన పని. పేరుపొందిన డ్రైవరులకు కార్ల కంపెనీలు క్రొత్త కార్లను, ఇంజనులను, ధనమును సమకూర్చెడివి. స్కాట్‌నకు అట్టి యాధారము లేదు. ఇతరులు వాడి విడిచిన కార్లను, భాగములను, టైర్లను తక్కువ వెలకు కొని అతడు వానికి ప్రాణము పోసెడివాడు. డ్రైవరును తానే, మెకానిక్కును తానే. కుమారులు అతనికి సహాయకులు. ఏడుగురు బిడ్డలను పోషించుచు, గెలిచిన కొద్దిపాటి సొమ్ముతోనే తరువాతి పందెమునకు సిద్ధపడెడివాడు. దారిలో హోటళ్లలో చోటు దొరకనప్పుడు బండిలోనే నిద్రించెడివాడు. ఇతరులు కొందరు కావలెనని తమ కారును అతని కారునకు కొట్టించెడివారు. కోపమునకు లొంగి తాను తిరుగబడినచో ఆ మిషతోనే తన్ను బాటనుండి తొలగింతురని అతడెఱుగును. కావున పండ్లు బిగించి కారును అదుపులో నుంచుకొనెడివాడు. తెల్లజాతివారందరును అట్టివారని తలంపరాదు. నెడ్ జారెట్ వంటి పేరుగల డ్రైవరులు అతనిని గౌరవించి తోడ్పడిరి. నల్లని మేనిచాయనుబట్టి గాక చేతిపనినిబట్టి మనుష్యుని ఎంచువారు ఆ బాటపైనను ఉండిరి.

1963వ సంవత్సరము అమెరికా చరిత్రలో ముఖ్యమైనది. ఆ యేడు జూన్ నెలలో స్కాట్ స్వస్థలమగు డాన్‌విల్‌లోనే, సమానహక్కులు కోరి శాంతియుతముగా నిలిచిన నల్లజాతివారిని పోలీసులు లాఠీలతో కొట్టి, నీటిగొట్టములతో చెదరగొట్టిరి. ఆగస్టు నెలలో మార్టిన్ లూథర్ కింగ్ మున్నగు నాయకుల పిలుపుపై వాషింగ్టన్ నగరమున రెండు లక్షలకు పైగా జనులు గుమిగూడిరి. ఆ యేటి చివరనే స్కాట్ జీవితమునందలి ముఖ్య ఘట్టము నడచెను.

డిసెంబరు 1వ తేదీన ఫ్లారిడాలోని జాక్సన్‌విల్ నగరమున పందెము జరిగెను. బాట అరమైలు మట్టిబాట. దానిపై 200 చుట్లు, అనగా నూరు మైళ్లు, తిరుగవలెను. స్కాట్ తోలినది నెడ్ జారెట్ వద్ద కొన్న 1962 నాటి షెవర్లే కారు. దాని నెంబరు 34. బాట గుంటలుపడి పెక్కు కార్లను దెబ్బతీసెను. ఇంక 25 చుట్లు మిగిలియుండగా స్కాట్, యువవీరుడగు రిచర్డ్ పెటీని దాటి ముందంజ వేసెను. పెటీ కారు అప్పటికే దెబ్బతిని యుండెను. తక్కిన వారందరును స్కాట్‌నకు వెనుకబడిరి. 200 చుట్లు ముగిసెను. గెలిచినవానికి ఊపు నలుపు తెలుపు గళ్ల జెండా మాత్రము లేవలేదు. అతడు విస్మయముతో మరి రెండు చుట్లు తిరిగెను. అంతట వెనుక వచ్చిన బక్ బేకరునకు జెండా ఊపి, అతడే విజేత యని ప్రకటించిరి. ట్రోఫీని అందుకొనుటయు, సుందరాంగి ప్రక్కన నిలిచి ఛాయాచిత్రము తీయించుకొనుటయు బేకరునకే దక్కెను.

ఆ రోజులలో చుట్ల లెక్కను మనుష్యులు కాగితములపై చేతితో వ్రాసెడివారు. స్కాట్ తన లెక్కయందు నమ్మకము గలవాడై, మరల సరిచూడుమని అధికారులను కోరెను. కొన్ని గంటలు గడచెను. ప్రేక్షకులు ఇండ్లకు మరలిపోయిరి. అప్పుడు అధికారులు లెక్కలో పొరపాటు జరిగినదనియు, స్కాట్ రెండు చుట్ల తేడాతో గెలిచెననియు ఒప్పుకొనిరి. మొదటి బహుమానపు సొమ్ము వేయి డాలర్లు అతని కిచ్చిరి. కాని ట్రోఫీ అప్పటికే వెడలిపోయి యుండెను. వేలకొలది తెల్లవారి యెదుట నల్లజాతివానిని విజేతగా నిలుపుట కిష్టములేకయే అట్లు చేసిరని స్కాట్ నమ్మెను; పలువురు నేటికిని అట్లే నమ్ముదురు. సొమ్ము చీకటిలోనైన ఇయ్యవచ్చును. గౌరవము పదిమంది చూచుచుండగా ఇచ్చినప్పుడే గౌరవము. అతనికి రావలసినది ఈ రెండవదియే.

అంతటి అన్యాయము జరిగినను స్కాట్ కారు దిగలేదు. తరువాతి పందెమునకు ఎప్పటివలెనే సిద్ధమయ్యెను. 1966లో ఆ సంవత్సరపు పందెములన్నిటి మొత్తము లెక్కలో ఆరవ స్థానము సంపాదించెను. పాత సామగ్రితోనే 147 పందెములలో మొదటి పదిమందిలో ఒకడుగా నిలిచెను. 1973వ సంవత్సరము మే నెలలో అలబామా రాష్ట్రమందలి టాలడెగా పందెశాలలో పెద్ద ప్రమాదము జరిగి, ఇరువదికి పైగా కార్లు ఒకదానితో నొకటి ఢీకొనెను. అందు స్కాట్ ఎముకలు విరిగి తీవ్రముగా గాయపడెను. ఆ సంవత్సరముతోనే అతని పందెపు జీవితము ముగిసెను. పిమ్మట డాన్‌విల్‌లో తన షెడ్డు పని చూచుకొనుచు కాలము గడిపెను. 1977లో అతని జీవితము ఆధారముగా ఒక చలనచిత్రము వెలువడెను. 1990వ సంవత్సరము డిసెంబరు 23వ తేదీన అతడు మరణించెను. జాక్సన్‌విల్ ట్రోఫీని అతడు చేతబట్టి ఎఱుగడు.

కాలము మెల్లగా నడచినను నడువక మానలేదు. 2015లో నాస్కార్ సంస్థ తన ప్రఖ్యాతుల మందిరమున అతని పేరు చేర్చెను. ఆ గౌరవము పొందిన మొదటి నల్లజాతివాడు అతడే. 2021వ సంవత్సరము ఆగస్టు 28వ తేదీన డేటోనా పందెశాలలో, ప్రేక్షకుల సమక్షమున, జాక్సన్‌విల్ విజయమునకు గుర్తుగా ఒక ట్రోఫీని అతని కుటుంబమువారి కందజేసిరి. స్కాట్ జీవించియున్నచో మరునాటికి నూరేండ్లు నిండియుండెడివి. గెలుపునకును గుర్తింపునకును నడుమ 57 ఏండ్లు దాటెను. అదే సంవత్సరము అక్టోబరు 4వ తేదీన బబ్బా వాలెస్ అను నల్లజాతి యువకుడు ప్రధాన శ్రేణి పందెములో గెలిచెను. స్కాట్ తరువాత అట్టి విజయము పొందినవాడు అతడే. ఆ గెలుపు లభించినది స్కాట్ గాయపడి పందెములకు దూరమైన టాలడెగాలోనే.

ఆలస్యముగా జరిగిన న్యాయము పూర్తి న్యాయము కాదు. చనిపోయినవాని చేతికి ట్రోఫీ నందింప నెవ్వరికిని శక్యము కాదు. అయినను 1963 డిసెంబరు సాయంకాలమున జెండా లేవనప్పుడు కారు ఆపక మరి రెండు చుట్లు తిరిగిన ఆ మనుష్యుని పట్టుదలయే, తరువాతి వారికి బాట తెరచినది.

ప్రశ్నలు

1. స్టాక్ కారు పందెము లనగా నేమి? స్కాట్ వానిలో ప్రవేశించిన విధమును తెలుపుము.
2. ఇతర డ్రైవరులకు గల సౌకర్యములేవి? స్కాట్ ఆ కొఱతను ఎట్లు తీర్చుకొనెను?
3. జాక్సన్‌విల్ పందెమున జరిగిన అన్యాయమును వర్ణింపుము.
4. "సొమ్ము చీకటిలోనైన ఇయ్యవచ్చును" అను వాక్యము యొక్క భావమును వివరింపుము.