శెనక్కాయ మాంసకృత్తులు – కంప్యూటరులోని లైబ్రరీ ఫైళ్లు

పాకాల చుట్టుప్రక్కల మెట్టచేలలో మనము శెనక్కాయ యని పిలుచు వేరుశనగ గింజలో నూనెయే కాక, నూటికి సుమారు 25 వంతులు మాంసకృత్తులు, అనగా ప్రోటీన్లు, కలవు. వీని వివరములను నేడు కంప్యూటరులో చూడవచ్చును. తిరుపతి వ్యవసాయ కళాశాలలో చదువు మీ బిడ్డ అట్టి ప్రోగ్రామును ఇంటి కంప్యూటరులో ఉంచుకొనియుండవచ్చును. చోటు చాలలేదని ఇంటిలో ఎవరో పేరు తెలియని ఫైలు నొకదానిని తీసివేసిరనుకొనుడు. మరునాడు ఆ ప్రోగ్రాము తెరచుకొనదు. కారణమేమి?

మాంసకృత్తుల డేటాబేసు

మాంసకృత్తులయందు 20 రకముల అమైనో ఆమ్లములు దండలో పూసలవలె వరుసగా చేరియుండును. ఒక్కొక్క ఆమ్లమునకు ఒక్కొక్క ఇంగ్లీషు అక్షరమును గుర్తుగా పెట్టి ఆ వరుసను వ్రాయుదురు. 1965లో అమెరికాలో మార్గరెట్ డేహాఫ్ అను శాస్త్రవేత్త తన సహచరులతో కలిసి 65 మాంసకృత్తుల వరుసలను పుస్తకముగా ప్రకటించిరి. నేడు యూనిప్రాట్ అను డేటాబేసులో అట్టివి కోట్ల కొలది కలవు. వానిని ఎవరైనను ఉచితముగా తెచ్చుకొనవచ్చును.

లైబ్రరీ ఫైలు చేయు పని

పూర్వము పల్లెలో ఎవరి మడక వారిదే. కాని కర్రు సాగగొట్టించుకొనుటకు అందరును కమ్మరి కొలిమికే పోవలెను. ప్రోగ్రాములును అంతే, అన్ని పనులను తామే చేయవు. డేటాబేసు ఫైలు చోటు కలిసివచ్చునట్లు కుదించబడి వచ్చును. దానిని విప్పుటకు జెడ్‌లిబ్ వంటి లైబ్రరీ, వరుసలను చదువుటకు మరియొకటి, తెరపై బొమ్మ చూపుటకు వేరొకటి కావలెను. ఒకే లైబ్రరీ ఫైలు పలు ప్రోగ్రాములకు పనిచేసిపెట్టును. విండోసులో ఇట్టి ఫైళ్ల పేర్ల చివర డీఎల్ఎల్ అనియు, లినక్సులో ఎస్ఓ అనియు ఉండును. కొలిమి ఆరినచో ఊరి మడకలన్నియు నిలిచినట్లు, ఒక్క ఫైలు పోయినచో దానిని నమ్ముకొన్న ప్రోగ్రాములన్నియు నిలిచిపోవును.

తప్పు లెక్క మరింత చేటు

ప్రోగ్రాము ఆగిపోయినచో కంటికి కనబడును. పొసగని వెర్షను లైబ్రరీతో అది నడచుచు తప్పు చెప్పినచో కనబడదు. ఒక ఉదాహరణ చూడుడు. వేరుశనగ పడనివారికి హాని చేయు మాంసకృత్తులలో ఆరా హెచ్ 1 ఒకటి. యూనిప్రాటులో పి43238 అను సంఖ్యగల దాని వరుసలో 626 అక్షరములు కలవు. ఇవి పంక్తికి 60 చొప్పున 11 పంక్తులలో వ్రాయబడియుండును. పంక్తి ముగింపు గుర్తులను కూడ అక్షరములుగా లెక్కించినచో 637 అని వచ్చును. ఆహారపదార్థములను పరీక్షించువారు ఇట్టి లెక్కను నమ్మినచో ఎంత పొరపాటు!

మీరు చేయవలసినది

1. పేరు తెలియదని లైబ్రరీ ఫైళ్లను తీసివేయరాదు. సచివాలయపు కంప్యూటరు విషయములో గ్రామాధికారులును ఇదే పాటింపవలెను. చోటు కావలసినచో పాత ఫొటోలు, వీడియోలను వేరొకచోట భద్రపరచి తీయుడు.

2. ఫైలు లేదని తెరపై వచ్చినచో, ఊరు పేరు తెలియని చోటనుండి ఆ ఒక్క ఫైలును తేవద్దు. దానితో వైరసు రావచ్చును. ప్రోగ్రామును దాని అసలు చోటనుండి తిరిగి ఎక్కించుడు.

3. ప్రోగ్రాము, లైబ్రరీ, డేటాబేసు – ఈ మూడింటి వెర్షను సంఖ్యలను తేదీతో సహా పుస్తకమున వ్రాసికొనుడు.

4. క్రొత్త వెర్షను ఎక్కించిన వెంటనే, జవాబు ముందే తెలిసిన వరుసతో పరీక్షింపుడు. పి43238కి 626 రానిచో ఆ ప్రోగ్రామును సరిచేయువరకు దాని లెక్కలను వాడరాదు.

విత్తనము మొలకశాతము చూడకనే చేనంతయు విత్తు రైతు ఉండడు. కంప్యూటరు చెప్పు లెక్కకును అట్టి పరీక్ష అవసరము.