కోసిన పూవు

తెలుగువారికిని పూవులకును గల చుట్టరికము చాల ప్రాచీనమైనది. గుమ్మమునకు బంతిపూల తోరణము, జడలో మల్లెచెండు, దేవునికి పూలమాల తెలుగు ఇండ్లలో తఱచుగా కనబడునవే. తెలంగాణమున బతుకమ్మ పండుగకు తంగేడు, గునుగు, బంతి మొదలగు పూవులను తాంబాళమున వరుసపై వరుసగా గోపురమువలె పేర్చుదురు. ఈ కూర్పులలో పూవునకు కాడ పొడవుగా నుండవలసిన పని లేదు. ఆనాటి శోభకే పూవు ఉపయోగపడును. కాడతో కోసి నీటిపాత్రలో నుంచు పూవుల సంగతి వేఱు. అవి కొన్ని దినములు బ్రదుకవలెను. ఆ బ్రదుకు కోసినవారి చేతిలో నున్నది.

చెట్టునుండి వేఱైనంత మాత్రమున పూవు మరణింపదు. అది శ్వాసించుచునే యుండును. దాని ఱేకులనుండియు, ఆకులనుండియు నీరు ఆవిరియై పోవుచునే యుండును. అంతవఱకు వేరు అందించిన నీటిని ఇపుడు కాడయే పాత్రనుండి పీల్చుకొనవలెను. కాడలో మిక్కిలి సన్నని నాళములు కలవు. ఆ దారి తెఱచియున్నంతవఱకు పూవు నిలుచును. అది మూసికొనిపోయినచో, పాత్ర నిండ నీరున్నను పూవు దప్పితో వాడిపోవును.

ఈ దారిని మూయు శత్రువులు రెండు. మొదటిది గాలి. కాడను కోయగానే నాళములలోనికి గాలి చొరబడి నీటి ధారను తెంచును. కావున ఇంటికి తెచ్చిన కాడ చివరను నీటిలో ముంచి, నీటిలోపలనే మరల అంగుళమంత ఏటవాలుగా కత్తిరింపవలెను. ఏటవాలుగా కత్తిరించిన కాడ పాత్ర యడుగున అంటుకొనిపోదు. రెండవ శత్రువు కుళ్లు. నీటిలో మునిగిన ఆకులు కుళ్లినచో సూక్ష్మజీవులు పెరిగి నాళములను పూడ్చివేయును. అందుచే నీటిమట్టమునకు క్రిందనుండు ఆకులను తీసివేయవలెను. ప్రతిదినము పాత్రను తోమి క్రొత్త నీరు పోయవలెను. కొందఱు నీటిలో చక్కెర కలుపుదురు. చక్కెర పూవునకు ఆహారమే. కాని సూక్ష్మజీవులకును ఆహారమే. కావున ఉత్త చక్కెర కలుపుట మేలు కాదు.

కంటికి కనబడని శత్రువు మఱియొకటి కలదు. దీపములకు వాడు గ్యాసు సోకిన కార్నేషన్ పూవులు ముడుచుకొనిపోవుటను గూర్చి 1908లో క్రాకర్, నైట్ అను అమెరికా శాస్త్రజ్ఞులు పరిశోధన ప్రకటించిరి. అందలి ఎథిలీన్ అను వాయువు అతి స్వల్పముగా నున్నను పూవునకు హాని చేయునని వారు చూపిరి. పండుచున్న మామిడి, అరటి కాయలనుండియు ఈ వాయువే వెలువడును. కనుక పండ్ల బుట్ట ప్రక్కన పూలపాత్రను ఉంచరాదు.

పూవులను కోయుటకు ఉదయకాలము మంచిది. అపుడు కాడలు నీటితో నిండియుండును. గులాబిని మొగ్గ విచ్చనారంభించినపుడును, బంతిని, చేమంతిని పూర్తిగా విచ్చిన పిమ్మటను కోయవలెను. మందారము ఎంత శ్రద్ధ చేసినను సాధారణముగా ఒక్కనాటి పూవే. గన్నేరు చెట్టంతయు విషమే. దాని కొమ్మ నుంచిన నీరును విషమగును. పసిపిల్లలున్న యింట దానిని పాత్రలో నుంచకుండుటయే క్షేమము.

ఇక అమరిక. పూలగుత్తి యెత్తు పాత్ర యెత్తునకు ఇంచుమించు ఒకటిన్నర రెట్లుండుట అందము. మొగ్గలు పైనను, పెద్ద పూవులు క్రిందను ఉన్నచో గుత్తి నిలకడగా కనబడును. దొరికిన పూవులన్నింటిని క్రుక్కరాదు. జపాను దేశమున ఈ కళ క్యోటో నగరమందలి రొక్కకుదో అను బౌద్ధాలయమున పూజకై పూవు లుంచు ఆచారమునుండి వృద్ధిచెందినది. అచటివారు పూవుల సంఖ్యకంటె కాడల వంపునకును, వాని నడుమనుండు ఖాళీ చోటునకును ఎక్కువ విలువ నిత్తురు.

పదునైన కత్తెరతో మితముగా కోసినచో తోటకు నష్టము లేదు. బంతిచెట్టు, పూవులు తీసిన కొలది, విత్తులకు పోవలసిన బలమును క్రొత్త మొగ్గలకు పెట్టును. అయినను కొన్ని పూవులను తేనెటీగలకును, విత్తనమునకును విడిచిపెట్టవలెను.

ఒక్కొకప్పుడు పాత్రలోని గులాబి మెడ వంచివేయును. దాని కాలము తీరినదని తలచి పలువురు దానిని పాఱవేయుదురు. కాని తఱచుగా అది దప్పియే. కాడ చివరను మరల నీటిలో కత్తిరించి, పూవును కాడతోకూడ ఒక గంటసేపు చల్లని నీటిలో పరుండబెట్టినచో, పలుమాఱు ఆ మెడ తిరిగి నిలుచును. నిలువకపోయినను అది వ్యర్థము కాదు. ఎరువుగుంటలో వేసిన పూవు తాను పుట్టిన తోటకే తిరిగి చేరును.