సొరచేపను కాపాడిన సినిమా

సినిమా అనగానే మనకు పాటలు, ఫైటింగులు గుర్తుకొస్తాయి. అవేవీ లేని సినిమాలు కూడా ఉన్నాయి. అవి జరిగింది జరిగినట్టు చూపిస్తాయి. వాటిని డాక్యుమెంటరీలు అంటారు. మైక్ పాండే అలాంటి సినిమాలు తీసిన మనిషి.

పాండే ఆఫ్రికాలోని కెన్యా దేశంలో పుట్టారు. వాళ్లు నైరోబీ అడవికి దగ్గర్లో ఉండేవారు. చిన్నప్పటి నుంచీ జంతువులను చూస్తూ పెరిగారు. తర్వాత మన దేశంలో కెమెరా పట్టుకుని అడవులు తిరిగారు. సర్గుజా ప్రాంతంలో అడవి ఏనుగులను పట్టడం గురించి ఒక సినిమా తీశారు. దానికి 1994లో ఇంగ్లండులో పెద్ద బహుమతి వచ్చింది.

అసలు చెప్పుకోవలసింది గుజరాత్ సంగతి.

అక్కడి సముద్రానికి తిమింగలం సొర వస్తుంది. లోకంలోని చేపలన్నింటిలో ఇదే పెద్దది. పొడవు 40 అడుగులు కూడా ఉంటుంది. అంటే మన బస్సు కంటే పొడుగు! అయినా మనిషి జోలికి రాదు. నోరు తెరుచుకుని నీటిలోని నలుసుల్లాంటి జీవులను, చిన్న చేపలను మింగుతుంది. మెల్లగా, నీటి పైపైనే ఈదుతుంది. అదే దాని ప్రాణం మీదికి తెచ్చింది.

జాలర్లు పెద్ద కొక్కేలకు తాళ్లు కట్టి, తాళ్లకు ఖాళీ పీపాలు కట్టేవారు. కొక్కెం గుచ్చుకున్న చేప ఆ పీపాలను లాగి లాగి అలసిపోయేది. అందుకే అక్కడ ఆ చేపకే ‘బ్యారెల్’ అని పేరు పడింది. దాని కార్జం నూనెను పడవల చెక్కకు పూసేవారు. మాంసం విదేశాలకు పోయేది. ఏటా వందల చేపలు చచ్చేవి. ఒడ్డున ఉన్నవాళ్లకు తప్ప ఈ సంగతి ఎవరికీ పెద్దగా తెలియదు.

పాండే ఇదంతా సినిమా తీశారు. 2000లో అది బయటికి వచ్చింది. దానికీ ఇంగ్లండులో బహుమతి దక్కింది. 2001లో కేంద్ర ప్రభుత్వం ఈ చేపను వన్యప్రాణి చట్టంలో మొదటి జాబితాలో చేర్చింది. పులికి ఉన్న రక్షణే దీనికీ వచ్చింది. చంపితే జైలు.

మరి జాలర్ల మాటేమిటి? చట్టం వచ్చినంత మాత్రాన కడుపు నిండదు కదా! ఈ చేప వలలో పడితే వల కోసి వదలాలి. వల అంటే వేల రూపాయలు. ఆ నష్టం పేదవాడిదే. అందుకని 2004లో మొరారి బాపు అనే కథకుడు ఊరూరా చెప్పారు. ‘కాన్పుకు పుట్టింటికి వచ్చిన ఆడబిడ్డ లాంటిది ఈ చేప’ అన్న మాట జనానికి నచ్చింది. తర్వాత గుజరాత్ ప్రభుత్వం కోసిన వలలకు పరిహారం ఇవ్వసాగింది. జాలర్లే వందల చేపలను వదిలిపెట్టారు. సినిమా ఒక్కటే ఇదంతా చేసిందనలేం. జాలర్లు ఒప్పుకోకపోతే చట్టం కాగితం మీదే ఉండేది.

ఈ చేప మన తీరానికీ వస్తుంది. 2021 డిసెంబరులో విశాఖపట్నం దగ్గర తంతడి ఒడ్డున ఒకటి వలలో చిక్కింది. జాలర్లు, అటవీశాఖ వాళ్లు కలిసి దాన్ని మళ్లీ సముద్రంలోకి పంపారు.