కంటికి అందని ఎరుపు

పెళ్ళిలో అరుంధతిని చూపిస్తే, కనపడకపోయినా కనపడిందని తల ఊపేస్తాం. ఫోటో విషయంలో మాత్రం కంటికి కనపడనిది అబద్ధమంటాం. 2024 మే 10 రాత్రి లడఖ్‌లోని హాన్లే వేధశాల కెమెరాలో ఉత్తరపు ఆకాశం ఎర్రగా పడింది. ధ్రువకాంతి! ఆ ఫోటో చూసి మనలోనే కొందరు "ఇదంతా ఎడిటింగే" అన్నారు. నిజమేమిటో చూద్దాం.

హాన్లే వేధశాలను నడిపేది భారత ఖగోళ భౌతిక సంస్థ. మన నాట్రంపల్లికి దగ్గర్లోని కావలూరు వేధశాల కూడా వాళ్ళదే.

సూర్యుడి నుంచి వచ్చే విద్యుత్ కణాల తాకిడికి భూమి అయస్కాంత క్షేత్రం కల్లోలమవుతుంది. అప్పుడు వేగంగా దూసుకొచ్చే కణాలు పైగాలిలోని ఆక్సిజన్‌ను తాకితే వెలుగు పుడుతుంది. సుమారు 100 నుంచి 150 కిలోమీటర్ల ఎత్తులో ఆకుపచ్చ, 200 దాటితే ఎరుపు. నార్వేలో రెండూ నెత్తిమీదే కనిపిస్తాయి. దూరాన ఉన్నవాళ్ళకు కింది పచ్చ భూమి వంపు చాటున పడిపోతుంది, పైనున్న ఎరుపే మిగులుతుంది. చీకట్లో మన కన్ను రంగు పట్టలేదు, మసక ఎరుపైతే అసలే పట్టలేదు. కెమెరా అలా కాదు. పది సెకన్ల వెలుగును చుక్క చుక్కగా పోగుచేసి ఒకేసారి చూపిస్తుంది. కాబట్టి ఆ ఎరుపు కల్పన కాదు, కూడిక.

తీసే పద్ధతి ఇదీ: కెమెరాను స్టాండుకు బిగించాలి. లెన్సు పూర్తిగా తెరవాలి. ఐఎస్ఓ 1600 నుంచి 3200 దాకా పెట్టాలి. ఫోకస్ ఆటోలో వదలకుండా, ఒక పెద్ద నక్షత్రం మీద చేత్తో కుదర్చాలి. వేలి అదురు తగలకుండా టైమర్ వాడాలి. కాంతి తెరలా కదులుతుంటే రెండు మూడు సెకన్లు చాలు, ఎక్కువైతే మడతలన్నీ కలిసిపోతాయి. నిలకడగా ఉంటే పది, పదిహేను. ఎంతసేపు తెరవాలో తెలుసుకోవడమే ఇందులో కళ.

మన ఊళ్ళో ధ్రువకాంతి కోసం కాచుకోవడం దండగ. కానీ ఇదే పాఠం మిద్దె మీద నేర్చుకోవచ్చు. అమావాస్య రాత్రి ఫోన్‌ను ఇటుకకు ఆనించి, ప్రో మోడ్‌లో ఉత్తరం వైపు పది సెకన్లు తెరిచి చూడండి. కంటికి దొరకని చుక్కలెన్నో దొరుకుతాయి.

ఇకమీదట "నాకు కనపడలేదు, కాబట్టి లేదు" అనేముందు, ఎంతసేపు చూశామో కూడా అడుక్కుందాం.