నాట్‌విత్‌స్టాండింగ్ : అర్థం, వాడుక



ఇంగ్లీషు నిఘంటువులో ‘ఎన్’ అక్షరం కింద ఒక పొడుగాటి మాట ఉంది. నాట్‌విత్‌స్టాండింగ్. మొత్తం పదిహేను అక్షరాలు. మధ్యలో ఖాళీ ఉండదు, గీత ఉండదు, మూడు ముక్కలూ కలిపే రాయాలి. పలికేటప్పుడు ‘స్టాండ్’ దగ్గర ఒత్తి పలకాలి. పదో తరగతి పాఠాల్లో ఇది మనకు పెద్దగా తగలదు. ఇంటర్‌లో తగిలినా గైడులో ‘ఇన్ స్పైట్ ఆఫ్’ అని ఒక్క ముక్క రాసి వదిలేస్తారు. కానీ రాజ్యాంగం తెరిచి చూడండి, ఏదైనా చట్టం తెరిచి చూడండి, ఈ మాట ఎదురొస్తుంది. మన పొలాలకు, మన సీట్లకు, మన మీద జరిగే అత్యాచారాలకు సంబంధించిన చట్టాల్లో సరిగ్గా కీలకమైన చోటే కూర్చుని ఉంటుంది. అందుకే ఈ వార్షికోత్సవ సంచికలో ఈ ఒక్క మాట గురించే రాయదలచుకున్నాం.

ముందు దీని పుట్టుక చూద్దాం. ‘విత్’ అంటే ‘తో’ అని మనం ఆరో తరగతి నుంచీ చదువుకుంటున్నాం. పాత ఇంగ్లీషులో దానికి ‘ఎదురుగా, వ్యతిరేకంగా’ అనే అర్థం ఉండేది. ‘ఫైట్ విత్ హిమ్’ అంటే అతనితో కలిసి కాదు, అతని మీద పోట్లాడటం అని మనకు తోచేది ఆ పాత అర్థం వల్లే. అలాగే ‘విత్‌స్టాండ్’ అంటే ఎదురు నిలవడం, తట్టుకోవడం. ‘విత్‌స్టాండింగ్’ అంటే అడ్డంగా నిలుస్తూ. ముందు ‘నాట్’ చేరితే, అడ్డు నిలవకుండా. లాటిన్‌లో ‘నాన్ అబ్‌స్టాంటే’ అనే మాట ఉంది. దాన్నే 14వ శతాబ్దంలో ఇంగ్లీషువాళ్లు ముక్కకు ముక్క తమ భాషలోకి దించుకున్నారు. ఈ మాటతో మొదలయ్యే వాక్యాన్ని వకీళ్లు ఇప్పటికీ ‘నాన్ అబ్‌స్టాంటే క్లాజ్’ అనే పిలుస్తారు.

ఇక వ్యాకరణం. ఈ మాట మూడు వేషాలు వేస్తుంది.

మొదటిది ప్రిపొజిషన్. ‘నాట్‌విత్‌స్టాండింగ్ ద రెయిన్, ద మ్యాచ్ వెంట్ ఆన్.’ వాన పడినా ఆట ఆగలేదు. ఇందులో ఒక వింత ఉంది. మిగతా ప్రిపొజిషన్లు నామవాచకానికి ముందే వస్తాయి కదా, ఇది వెనక కూడా రాగలదు. ‘ద రెయిన్ నాట్‌విత్‌స్టాండింగ్, ద మ్యాచ్ వెంట్ ఆన్’ అన్నా తప్పు లేదు. ‘వాన అడ్డు నిలవకుండా’ అనే అసలు అర్థానికి ఈ వరసే దగ్గర. ఇంగ్లీషువాళ్లకు ఇది విడ్డూరం గానీ మనకు కాదు. మన విభక్తులన్నీ మాట వెనకే వస్తాయి.

రెండోది కంజంక్షన్. ‘నాట్‌విత్‌స్టాండింగ్ దట్ హీ వాజ్ ఇల్, హీ రోట్ ద ఎగ్జామ్.’ ఒంట్లో బాగాలేకపోయినా పరీక్ష రాశాడు. పూర్తి వాక్యం వచ్చేటప్పుడు ‘దట్’ చేర్చి రాయడం మంచి పద్ధతి.

మూడోది యాడ్వెర్బ్, అంటే క్రియా విశేషణం. ఇది అన్నిటికంటే అరుదు. ‘హిజ్ ఫాదర్ రిఫ్యూజ్డ్, హీ వెంట్ నాట్‌విత్‌స్టాండింగ్.’ నాన్న ఒప్పుకోలేదు, అయినా వెళ్లాడు. ఇక్కడ దాని పక్కన నామవాచకమేమీ లేదు. ‘నెవర్‌దిలెస్’, ‘ఈవెన్ సో’ ఎక్కడ సరిపోతాయో అక్కడ ఇదీ సరిపోతుంది. పాత నవలల్లో కనిపిస్తుంది గానీ ఇప్పటి పత్రికల్లో తక్కువ. పోటీ పరీక్షల్లో వాక్యం చివర ఈ మాట ఒంటరిగా కనిపిస్తే అది తప్పని కొట్టేయకండి.

తెలుగులో ఇంత పెద్ద మాట అక్కర్లేదు. క్రియ చివర చిన్న మార్పు చాలు. ‘పడితే ఆగుతుంది, పడినా ఆగదు.’ ‘అమ్మ వద్దంటే మానేస్తాడు, వద్దన్నా వెళ్తాడు.’ ఆ ‘తే’కీ ఈ ‘నా’కీ ఉన్న తేడాయే మొత్తం సంగతి. చట్టాల తెలుగు అనువాదాల్లో ‘ఏమి ఉన్నప్పటికినీ’ అని రాస్తారు. చదవడానికి బరువుగా ఉంటుంది గానీ లోపల ఉన్నది మన ‘నా’యే.

రెండు జాగ్రత్తలు చెప్పి ముందుకు పోతాం. దీని పక్కన ‘ఆఫ్’ రాయకూడదు. ‘ఇన్ స్పైట్’ పక్కనే ‘ఆఫ్’ వస్తుంది, ‘డిస్పైట్’ పక్కన రాదు, దీని పక్కనా రాదు. అలాగే ‘నాట్‌విత్‌స్టాండింగ్’తో మొదలుపెట్టి మధ్యలో ‘బట్’ పెట్టకూడదు. ‘ఆల్దో’ రాసి మళ్లీ ‘బట్’ రాసే అలవాటు మనవాళ్లలో చాలామందికి ఉంది.

ఇప్పుడు అసలు విషయానికి వద్దాం. అర్థం తెలిసినవాళ్లు కూడా చట్టం చదివేటప్పుడు తడబడే చోటు ఒకటుంది. వాక్యంలో ఎవరు గెలిచారు, ఎవరు ఓడారు? ‘నాట్‌విత్‌స్టాండింగ్’ పక్కన ఏది ఉంటే అది ఓడుతుంది. పై వాక్యంలో పక్కన ఉన్నది వాన. వాన ఓడింది, ఆట గెలిచింది. దీనికి సరిగ్గా తిరగబడ్డ మాట ‘సబ్జెక్ట్ టు’. దాని పక్కన ఉన్నది గెలుస్తుంది. ‘సబ్జెక్ట్ టు ద రెయిన్, ద మ్యాచ్ విల్ గో ఆన్’ అంటే వాన దయ తలిస్తేనే ఆట. ఇక మూడోది ‘వితౌట్ ప్రెజుడిస్ టు’. అక్కడ ఇద్దరూ ఉంటారు, ఎవరినీ తోసెయ్యరు. ఈ మూడింటినీ ఒకచోట పెట్టి నేర్చుకుంటే ఏ చట్టం ముందూ బెదరక్కర్లేదు.

మొదట పొలం సంగతి. మా వాడలో భూమి అంటే చాలా ఇళ్లలో ప్రభుత్వం ఇచ్చిన డి-ఫారం పట్టా భూమే. ఒక ఇంటివాళ్లు ఆడపిల్ల పెళ్లికి అప్పు చేసి, తీర్చలేక, ఆ ఎకరానికి స్టాంపు కాగితం రాసిచ్చారు. కాగితంలో ‘సర్వహక్కులతో శాశ్వతంగా’ అనే మాటలున్నాయి, వేలిముద్రలున్నాయి, సాక్షులున్నారు. మా ఇంట్లో డిగ్రీ చదివింది మేమే మొదలు కాబట్టి ఆ కాగితం చివరికి మా చేతికే వచ్చింది. ‘సంతకం పెట్టాక ఇంకేముంది నాయనా’ అని పెద్దవాళ్లన్నారు.

ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో 1977లో అసైన్డ్ భూముల బదిలీ నిషేధ చట్టం వచ్చింది. అది ఆ ఏటి 9వ చట్టం. దాని 3వ సెక్షన్ మొదటి వాక్యంలోనే మన మాట ఉంది. దాని పక్కన ఏమున్నాయో చూడండి: అమల్లో ఉన్న మరే చట్టంలో వ్యతిరేకంగా ఏమున్నా, బదిలీ పత్రంలోనే ఏమి రాసి ఉన్నా. అంటే ఓడేవాటిలో ఆ స్టాంపు కాగితం కూడా ఉంది. సాగుకో ఇంటి స్థలానికో భూమిలేని పేదలకు ఇచ్చిన భూమి బదిలీ కారాదు, ఒకవేళ అయినా ఎన్నడూ కానట్టే లెక్క అన్నది ఆ వాక్యం సారం. అలాంటి భూమిని స్వాధీనం చేసుకుని మొదటి పట్టాదారుకో వారసులకో తిరిగి ఇప్పించే అధికారం కూడా ఆ చట్టంలో ఉంది.

అయితే అక్కడితో ఆగి సంబరపడకూడదు. అదే సెక్షన్‌లో కింద ఒక మినహాయింపు ఉంది. చట్టం రాకముందే సద్బుద్ధితో, డబ్బు చెల్లించి కొన్న మరో భూమిలేని పేదకు ఇది వర్తించదు. ఆ తర్వాత సవరణలూ వచ్చాయి. ఆంధ్రప్రదేశ్‌లో 2023లో చేసిన సవరణ 20 ఏళ్లు దాటిన అసైన్‌మెంట్ల విషయంలో నిషేధాన్ని సడలించింది. తెలంగాణ సవరణలు వేరు. కాబట్టి మీ ఇంటి కాగితం చూసేటప్పుడు మీ రాష్ట్రంలో ఇవ్వాళ అమల్లో ఉన్న పాఠమే చదవండి.

రెండోది ఎస్సీ, ఎస్టీ అత్యాచారాల నిరోధక చట్టం, 1989. దాని 20వ సెక్షన్ కూడా ఇదే మాట వాడుతుంది. పక్కన వేరే చట్టాలు మాత్రమే లేవు, ‘ఆచారం, వాడుక’ అనే మాటలు కూడా ఉన్నాయి. టీ కొట్లో రెండు గ్లాసుల పద్ధతి గురించి అడిగితే ‘ఇది తాతల నాటి నుంచి ఊరి ఆచారం’ అనే జవాబు మనలో చాలామంది విన్నదే. అంటరానితనాన్ని రాజ్యాంగం 17వ అధికరణంలోనే రద్దు చేసింది. ఈ చట్టం రాసినవాళ్లు ఊళ్లో వినిపించే ఆ జవాబును కూడా ముందే ఊహించి, ఓడేవాటి జాబితాలో చేర్చారు.

ఇదే చట్టంలో ఈ మాట ఇంకోసారి వచ్చింది, అది ఈమధ్యదే. 2018 మార్చి 20న సుప్రీంకోర్టు ఈ చట్టం కింద అరెస్టులకు ముందు అనుమతి, ప్రాథమిక విచారణ వంటి షరతులు పెట్టింది. దేశమంతా నిరసనలు జరిగాయి. ఆ ఏడాదే పార్లమెంటు 18-ఎ సెక్షన్ చేర్చింది. ముందస్తు బెయిలు వర్తించదు అని చెబుతూ, ఏ కోర్టు తీర్పు గానీ ఉత్తర్వు గానీ ఆదేశం గానీ ఏమున్నా సరే అని రాసింది. ఓడే స్థానంలో ఈసారి కోర్టు తీర్పే ఉంది! 2020 ఫిబ్రవరి 10న సుప్రీంకోర్టు ఈ సెక్షన్‌ను సమర్థించింది. అయితే పైకి చూడగానే కేసే నిలవని సందర్భంలో ఆ నిషేధం వర్తించదని కూడా చెప్పింది. మాట ఎంత బలమైనదైనా చదివేవాడు న్యాయమూర్తి అని గుర్తుంచుకోవాలి.

ఇలాంటి రక్షణ వాక్యం లేకపోతే ఏమవుతుందో కూడా మన చరిత్రలోనే ఉంది. 1951 ఏప్రిల్‌లో చంపకం దొరైరాజన్ కేసులో మద్రాసు రాష్ట్రపు కమ్యూనల్ జీవోను సుప్రీంకోర్టు కొట్టేసింది. అప్పటికి కోస్తా, రాయలసీమ జిల్లాలు మద్రాసులోనే ఉన్నాయి కాబట్టి అది మనవాళ్ల సీట్ల సంగతి కూడా. ఉద్యోగాల విషయంలో 16(4)లో ప్రత్యేక అవకాశం రాశారు, కాలేజీ ప్రవేశాల గురించి చెప్పే 29వ అధికరణంలో అలాంటిది రాయలేదు, ఆ లోటును పట్టించుకోక తప్పదు అని కోర్టు అంది. బలహీన వర్గాల చదువును ప్రోత్సహించమనే 46వ అధికరణం ఉన్నా అది ప్రాథమిక హక్కుల మీద గెలవలేదు. రెండు నెలలకే మొదటి సవరణ వచ్చి 15(4) చేరింది. అందులో ‘నాట్‌విత్‌స్టాండింగ్’ అనే మాట లేదు. ‘ఈ అధికరణంలోనిది గానీ, 29(2) గానీ రాజ్యాన్ని అడ్డుకోదు’ అనే అర్థంతో రాశారు. అడ్డుకోదు, అంటే అడ్డు నిలవదు. మాట మారినా చేసే పని దాదాపు అదే.

ఈ మాట ఎప్పుడూ మన పక్షమే అనుకోవద్దు. ఒకప్పుడు ఇంగ్లండు రాజులు పార్లమెంటు చేసిన చట్టాలను పక్కకు నెట్టడానికి ‘నాన్ అబ్‌స్టాంటే’ వాడేవారు. 1689 నాటి బిల్ ఆఫ్ రైట్స్ దాన్ని మాన్పించింది. మన రాజ్యాంగంలోనే 334వ అధికరణం ఈ మాటతో మొదలై, అంతకుముందు ఇచ్చినదానికి గడువు పెడుతుంది. ఇది జాగ్రత్తగా చదవాల్సిన చోటు. క్లాసులో ఎవరో ఒకరు ‘రిజర్వేషన్లు పదేళ్లకే కదా పెట్టారు’ అంటారు. అనేవాడు ఈ అధికరణాన్ని సగమే విన్నాడు. ఆ పదేళ్ల గడువు లోక్‌సభ, శాసనసభల్లో సీట్లకు మాత్రమే. ఆ గడువును ఇప్పటికి ఏడుసార్లు పొడిగించారు. 2019లో చేసిన 104వ సవరణతో ఎస్సీ, ఎస్టీ సీట్లకు అది 80 ఏళ్లయింది, అంటే 2030 జనవరి వరకు. చదువులకు ఆధారమైన 15(4)లో గానీ, ఉద్యోగాలకు ఆధారమైన 16(4)లో గానీ ఏ గడువూ రాయలేదు. ఈసారి ఆ మాట వినిపిస్తే గొంతు పెంచకండి, పుస్తకం తెరిచి వేలు పెట్టి చూపించండి.

గెలుపు మాట, ఓటమి మాట రెండూ ఒకే వాక్యంలో రావడం కూడా ఉంది. అటవీ హక్కుల చట్టం, 2006లో 4వ సెక్షన్ చూడండి. వేరే ఏ చట్టంలో ఏమున్నా, అయితే ఈ చట్టంలోని నియమాలకు లోబడి, గిరిజనులకూ ఇతర సంప్రదాయ అటవీ నివాసులకూ హక్కులు గుర్తిస్తున్నామని ఉంటుంది. బయటి చట్టాలు ఓడాయి, సొంత షరతులు గెలిచాయి. మన్యం నుంచి వచ్చిన తమ్ముళ్లు ఈ వాక్యాన్ని కంఠస్థం చేసినా నష్టం లేదు. పోడు భూమి పట్టా కోసం తిరిగే నాన్నకు ఈ రెండు సగాలూ విడదీసి చెప్పగలగాలి.

చివరగా స్టడీ అవర్‌లో చేసుకోవడానికి ఒక చిన్న అభ్యాసం. ‘నాట్‌విత్‌స్టాండింగ్ ఎనీ ఆర్డర్ ఆఫ్ ద వార్డెన్, ద గేట్ షల్ బి క్లోజ్డ్ ఎట్ నైన్.’ ‘సబ్జెక్ట్ టు ఎనీ ఆర్డర్ ఆఫ్ ద వార్డెన్, ద గేట్ షల్ బి క్లోజ్డ్ ఎట్ నైన్.’ సెకండ్ షో చూసి వచ్చినవాడు వార్డెన్ గారిని బతిమాలుకుంటే ఏ గేటు తెరుచుకుంటుంది? జవాబు కాగితం మీద రాసుకుని, పక్క మంచం తమ్ముడికి చూపించి, ఎందుకో వాడికి తెలుగులో చెప్పండి.